ఆర్చీ క్షమాపణ చెప్పలేదు

మొన్న ఆదివారం చర్చి అయ్యాక జీన్ కూతురు మా ఎడిసన్ అపార్ట్‌మెంట్‌కి వచ్చింది. జీన్ అంటే, నేను వయసులో ఉన్నప్పుడు పనిచేసిన ఇంటి పెద్దాయన కూతురు. ఆ పెద్దాయన పేరు ఆర్చీ. స్కాట్లాండులో జీతం తీసుకుని ఫుట్‌బాల్ ఆడిన మనిషి. ఆయన పోయి చాలా కాలమైంది, జీన్ కూడా పోయింది. ఆ పిల్ల టీ కూడా తాగకుండా ఫోను తీసి ఒక ఫోటో చూపించింది. ఆర్చీ ఆడిన పాత క్లబ్బువాళ్ళు గోడకి కొత్త పలక పెట్టారట. బంగారు రంగులో పాత ఆటగాళ్ళ పేర్లు, వాటిలో ఆర్చీ పేరు. ఆయన పేరు కింద మాత్రం సన్నటి అక్షరాలతో ఒక లైను ఉంది. కళ్ళజోడు పెట్టుకుని, ఫోటోని వేళ్ళతో సాగదీసి చదివాను. తర్వాతి కాలంలో పశ్చాత్తాపపడ్డాడనీ, క్లబ్బు ఆయనను క్షమించిందనీ దాని అర్థం.

"నైస్ కదా ఆంటీ? గ్రాండ్‌పా పేరు మళ్ళీ పెట్టారు," అంది పిల్ల.

"నైస్ కాదు, అబద్ధం," అన్నాను. "ఆ లైను తీసేయమని చెప్పు."

"అలా అడిగితే పేరు కూడా తీసేస్తారేమో ఆంటీ."

"తీసేయనీ."

పిల్ల ఫోను పక్కన పెట్టింది. క్లబ్బు మనిషి గ్రాండ్‌పాని అడగడానికి వచ్చిన రోజు ఆ గదిలో ఉన్నవాళ్ళలో బతికున్నది మీరొక్కరే, ఏం జరిగిందో రాసివ్వండి, పంపిస్తాను అంది. అందుకే రాస్తున్నాను. నాకు వచ్చినట్టు తెలుగులో రాస్తాను. ఇంగ్లీషులోకి మార్చుకునే ఓపిక ఉన్నవాళ్ళు మార్చుకుంటారు. నేను అక్షరాలు నేర్చుకున్నది నలభై దాటాక, మా తెలుగు చర్చి బేస్‌మెంట్‌లో, సండే స్కూలు పిల్లల మధ్య, మోకాళ్ళు గడ్డానికి తగిలే బుల్లి కుర్చీలో కూర్చుని. నగిషీలు కావలసినవాళ్ళు ఇంకెవరిదైనా చదువుకోండి.

మా అమ్మ బందరు దగ్గర మిషను ఆసుపత్రిలో ఆయా. అక్కడ పనిచేసిన ఒక డాక్టరుగారు అమెరికా వచ్చి స్థిరపడ్డాక, పిల్లల్ని చూసుకోవడానికి నన్ను రప్పించారు. పనిమనిషినని కాగితాలు పెట్టి గ్రీన్ కార్డు చేయించారు. అది మేలు కాదని నేనెప్పుడూ అనలేదు. మేలు చేశారు, దానికి తగిన చాకిరీ కూడా చేయించుకున్నారు. ఆ ఇంట్లో అన్నీ ఉండేవి. తెల్లటి కార్పెట్, రెండు కార్లు, కూరగాయలు కడిగే తొట్టిలో కూడా వేడినీళ్ళు. నాకు ఆదివారం చర్చికి వెళ్ళి రావడం తప్ప సెలవన్నది ఉండేది కాదు. ఆ చర్చిలోనూ వాళ్ళ చంటాడు నా ఒళ్ళోనే ఉండేవాడు. ఎండుచేప వండడానికి వీల్లేదు, కార్పెట్‌కి వాసన పడుతుందని. బందరు దగ్గర పుట్టి ఎండుచేప లేకుండా అన్నం తినడం ఎంత శిక్షో తిన్నవాళ్ళకే తెలుస్తుంది.

జీన్ డాక్టరుగారి ఆసుపత్రిలో నర్సు. వాళ్ళ నాన్న మెట్ల మీద జారి పడ్డాడు, తనకేమో డ్యూటీ, ఇంట్లో ఉండే మనిషి కావాలని డాక్టరుగారి భార్య డాక్టరమ్మగారిని అడిగింది. ఆవిడ రుబ్బురోలు ఎరువిచ్చినట్టు నన్ను ఒక వారానికి ఎరువిచ్చింది. న్యూజెర్సీలోనే నది ఒడ్డున ఒక మిల్లు ఊరు. దారం మిల్లు మూతపడినా ఇటుక గొట్టాలు అలాగే నిలబడి ఉండేవి. ఊళ్ళో సగంమంది స్కాట్లాండు వాళ్ళే. ఇరుకు ఇల్లు, గోడలకి పొగాకు రంగు. లోపలికి అడుగు పెట్టగానే ముక్కుపుటాలు అదిరిపోయే నొప్పుల మందు వాసన. హాల్లో కుర్చీలో పొట్టిగా, గట్టిగా, పాత తాళంకప్పలాంటి ముసలాయన కూర్చుని ఉన్నాడు. మర్నాడు పొద్దున్నే కాస్త సిగ్గుపడుతూ అడిగాడు. "అమ్మాయ్, నీకు వాసన ఇబ్బంది కాకపోతే ఒక చేప వేడిచేసి పెడతావా? జీన్‌కి పడదు, కిటికీలన్నీ తెరుస్తుంది." కాగితం విప్పితే పొగబెట్టి ఎండేసిన చేప. అమెరికా వచ్చాక నేను గట్టిగా నవ్వింది ఆ పొద్దునే. వంటింటి తలుపు వేసేసి, పెనం మీద కాల్చి, చెరి సగం తిన్నాం.

ఆయన పొద్దుటి తిండి ఓట్స్ జావ. ఇక్కడివాళ్ళు అందులో చక్కెర పోసుకుంటారు, ఆయన ఉప్పు వేసుకునేవాడు. మా అంబలే కదా అనుకుని నా గిన్నెలో మజ్జిగ కలుపుకుని పక్కన ఉల్లిపాయ పెట్టుకున్నాను. రెండు రోజులు ఓరగా చూసి, మూడోరోజు తనకూ ఒక ఉల్లిపాయ కావాలన్నాడు. మోకాళ్ళు రెండూ పాత తలుపు బందుల్లా కిర్రుమనేవి. నేను ఆముదం వెచ్చచేసి రాసి, రాళ్ళ ఉప్పు గుడ్డలో మూటకట్టి, పెనం మీద వేడిచేసి కాపడం పెట్టేదాన్ని. కళ్ళు మూసుకుని ఆడిన రోజుల సంగతులు చెప్పేవాడు. మొదట్లో ఆ యాసలో సగం నాకు అర్థం కాలేదు. నా ఇంగ్లీషు ఆయనకి పావు వంతు కూడా అర్థమై ఉండదు. అయినా మాటలు ఆగలేదు. ఒకసారి వంటింట్లో బంగాళాదుంప నా చేతిలోంచి జారి దొర్లింది. పేపరు చదువుతున్నవాడు తల ఎత్తకుండానే చెప్పుతొడిగిన కాలితో దాన్ని ఆపి, మడమతో మెల్లగా తోశాడు. అది సరిగ్గా నా పాదం దగ్గరకొచ్చి ఆగింది. "బంతిని పరిగెత్తించాలి అమ్మాయ్, నువ్వు పరిగెత్తకూడదు," అన్నాడు. ఆయన ఆడిన చోటు హాఫ్‌బ్యాక్. గోల్ కొట్టేవాళ్ళకి వెనక, గోల్ కాచేవాళ్ళకి ముందు నిలబడి, అవతలివాడి దగ్గర బంతి లాక్కుని ఇవతలివాడికి అందించే పని. గోల్ కొట్టేవాళ్ళ పేర్లే జనానికి తెలుస్తాయి, బంతి అందించినవాణ్ణి ఎవడూ అడగడు అనేవాడు. ఆ మాటలో ఏడుపు ఉండేది కాదు. వడ్రంగి తన ఉలి సంగతి చెప్పినట్టు చెప్పేవాడు.

ఆయన కథ ఇది. మీసాలు రాకముందే బొగ్గు గనిలో దిగాడు. శనివారం ఒంటిపూట పని అవగానే, మొహం మాత్రం కడుక్కుని మైదానానికి పోయేవాడు. మెడ నల్లగా, మొహం తెల్లగా ఉండేదిట. కొత్త బూట్లు కొంటే, వాటిని కాళ్ళకి తొడుక్కునే వేడినీళ్ళ తొట్టిలో నిలబడేవారు, తోలు పాదానికి అతుక్కోవాలని. దగ్గరి ఊరి క్లబ్బు చూసి జీతానికి పెట్టుకుంది. గని కింద పనిచేసే పిల్లాడికి పగటి వెలుగులో ఆడినందుకు జీతం! వాళ్ళ అమ్మ నమ్మక క్లబ్బుకి పోయి అడిగి వచ్చిందిట. కొన్నేళ్ళు బాగా ఆడాడు. అప్పుడు తెలిసింది మెలిక. ఆటల కాలం అయిపోతే జీతం ఆగిపోతుంది, కానీ మనిషి పేరు మాత్రం క్లబ్బు చేతిలోనే ఉంటుంది. వాళ్ళు వదిలితే తప్ప ఇంకోచోట ఆడకూడదు. వాళ్ళు జీతం పెంచరు, వదలరు. ఆ క్లబ్బు పెద్దమనిషి ఊళ్ళో మాంసం కొట్టు యజమాని. "నిన్ను గనిలోంచి తీసింది నేను," అనేవాడట అడిగినప్పుడల్లా.

ఇది చెప్పినప్పుడు నేను కాపడం మూట పక్కన పెట్టేశాను. "ఎరువు కూడా ఇచ్చేవాళ్ళా?" అని అడిగాను.

"ఇచ్చారు. ఒక నెల పక్క ఊరికి ఎరువిచ్చారు."

"మరి తిరిగి వెళ్ళారా?"

"అప్పుడు వెళ్ళాను," అన్నాడు. "తర్వాత వెళ్ళలేదు."

అమెరికా దారం మిల్లు వాళ్ళు జట్టు కడుతున్నారు, వారమంతా మిల్లులో పని, శనివారం ఆట, రెండింటికీ జీతం అని కబురొచ్చింది. వాళ్ళ అమ్మకి ఒక్కదానికే చెప్పి ఓడ ఎక్కేశాడు. ఆ ఏడు క్లబ్బు వరసగా ఓడిపోయి కింది తరగతికి పడిపోయింది. ఊరు ఊరంతా ఈయన మీద పడింది. స్కాట్లాండులో జన్మలో ఆడకూడదని నిషేధించారు. సొంత అన్న మాట మానేశాడు, చచ్చేదాకా మాట్లాడలేదు. ఇక్కడ మిల్లు జట్టులో, బొగ్గు నుసి పరిచిన మైదానాల్లో, రైళ్ళలో తిరిగి ఊరూరా ఆడాడు. వేలమంది వచ్చేవారట. తర్వాత చెడ్డరోజులు వచ్చి మిల్లులు జట్లని వదిలించుకున్నాయి. రంగులు వేసే గదిలో పని మాత్రం మిగిలింది. ముసలితనం దాకా అదే చేశాడు. అమ్మ పోయినప్పుడు ఒక్కసారి ఊరు వెళ్ళి, క్లబ్బులో తొంగిచూశాడు. గోడ మీద జట్టు ఫోటో ఉంది. ఆయన మొహం మీద చిన్న కాగితం ముక్క అంటించి ఉంది. "ఒక్కడు పోతే మునిగిన పడవకి ముందే చిల్లుంది," అనేవాడు. కానీ ఆ కాగితం ముక్క సంగతి చెప్పేటప్పుడు మాత్రం గొంతు మారేది.

వారం అయ్యాక డాక్టరమ్మగారు కారు వేసుకుని నన్ను తీసుకెళ్ళడానికి వచ్చింది.

"ఏమే సువార్తా, ఇంకా సంచీ సర్దుకోలేదా?"

"నేను రానండీ అమ్మగారూ. ఇక్కడే ఉంటానండీ. జీన్‌గారు జీతం ఇస్తానన్నారు, ఆదివారం సెలవన్నారు."

"ఓహో! కార్డు చేతికొచ్చిందిగా, ఇంక మేమెందుకు! మీ అమ్మ మొహం చూసి తెచ్చాం నిన్ను. లేకపోతే ఆ బందరులో బొచ్చెలు తోముకుంటూ ఉండేదానివి."

"ఇక్కడా అవే తోమానండి."

తెలుగు ముక్క రాని ఆర్చీ కుర్చీలోంచి ఇద్దరినీ మార్చి మార్చి చూసి, "ఆవిడ టీ తాగుతుందా?" అని అడిగాడు. ఆవిడ తాగలేదు.

ఆ కబురు నాకంటే ముందు చర్చికి చేరింది. అప్పట్లో మన తెలుగు క్రైస్తవులం అందరం కలిపితే ఒక హాలు నిండేవాళ్ళం కాదు. అమెరికా వాళ్ళ చర్చి బేస్‌మెంట్ అద్దెకి తీసుకుని, మధ్యాహ్నం పూట ఆరాధన పెట్టుకునేవాళ్ళం. అయ్యగారు వారమంతా ఇంజినీరు, ఆదివారం పాస్టరు. మంచివాడే. డాక్టరుగారి మాట కాదనలేని మంచివాడు. మెట్ల దగ్గర నన్ను ఆపి మెత్తగా చెప్పాడు. "సువార్తమ్మా, అన్నం పెట్టిన ఇంటిని బాధపెట్టావు. సంఘం ముందు నిలబడి డాక్టరమ్మగారిని క్షమాపణ అడుగు. అది అయ్యేదాకా ప్రభువు బల్ల దగ్గరికి రాకమ్మా." మా వాళ్ళలో ఆ పద్ధతి ఉంది. తాగొచ్చి కొట్టినవాడో, ఇంకేదో చేసినవాడో సంఘం ముందు నిలబడి ఒప్పుకుంటాడు, తర్వాత రొట్టె, ద్రాక్షరసం పుచ్చుకుంటాడు. నన్ను ఆ వరసలో నిలబెట్టారు. ప్రతి నెలా మొదటి ఆదివారం అందరూ లేచి ముందుకు వెళ్తుంటే, నేను ఆఖరి బెంచీలో నా చేతులు చూసుకుంటూ కూర్చునేదాన్ని. కానుకల సంచీ మాత్రం నా దాకా వచ్చేది. ఊరు కాని ఊళ్ళో, భాష రాని దేశంలో, నాకున్నది ఆ బల్ల ఒక్కటే. ఎంత ఏడ్చానో నాకు తెలుసు.

ఆర్చీకి చెబితే, "ఏ నేరానికి?" అన్నాడు.

"వెళ్ళిపోయినందుకు."

దగ్గొచ్చేదాకా నవ్వాడు. "అయితే మనది ఒకే జట్టు అమ్మాయ్. నిషేధం పడ్డ జట్టు."

ఇప్పుడు మా బిల్డింగ్‌లో ఐటీ పిల్లలు కంపెనీ మారితే పాత కంపెనీవాళ్ళే కేకు కోసి, కార్డు మీద సంతకాలు పెట్టి పంపిస్తారు. వీసా ట్రాన్స్‌ఫర్ చేయించుకున్నానని పార్టీ ఇస్తారు. టీవీలో చూస్తుంటాను, ఫుట్‌బాల్ ఆడే కుర్రాళ్ళు క్లబ్బు మారితే స్టేడియం నిండా జనం చప్పట్లు కొడతారు, చొక్కా చేత పట్టించి ఫోటోలు తీస్తారు. మంచిదే, మారనివ్వండి. కానీ ముందుగా మారినవాళ్ళని ఏం చేశారో కూడా తెలియాలి. అప్పట్లో మా పక్కన గడ్డి మైదానాల్లో పెద్ద స్టేడియం కట్టి, దేశదేశాల ఆటగాళ్ళని తెచ్చి ఆడించారు. జీన్ మమ్మల్నిద్దరినీ తీసుకెళ్ళింది. జనం హోరు. ఆర్చీ దుప్పటి కప్పుకుని ఆటంతా చూసి, "బాగా ఆడుతున్నారు, కానీ ఇది నిలవదు," అన్నాడు. కొన్నేళ్ళకి ఆ ఆటల పోటీ కూడా మూతపడింది. "చెప్పానా, ఇది నేను రెండోసారి చూడటం," అన్నాడు.

అది మూతపడిన తర్వాతే స్కాట్లాండు నుంచి ఆర్చీ పాత క్లబ్బు కమిటీ ఆయన ఒకడు వచ్చాడు. క్లబ్బుకి పెద్ద ఉత్సవం వస్తోంది, పాత గొడవలు కడిగేసుకోవాలనుకుంటున్నాం, ఆర్చీ రెండు మాటలు విచారంగా చెబితే టేపు మీద ఎక్కించుకుని వెళ్ళి వినిపిస్తాం, ఫోటో మీది కాగితం తీసేస్తాం అని ముందే జీన్‌కి ఫోన్‌లో చెప్పాడు. జీన్ సంబరపడింది. కమిటీ ఆయన వచ్చే రోజు పొద్దున్నే ఆర్చీ నాచేత గడ్డం గీయించుకుని, టై కట్టించుకున్నాడు. బాత్‌రూం తలుపు సందులోంచి వినబడింది. అద్దం ముందు నిలబడి ఆ మాటలు మెల్లగా పలికి చూసుకుంటున్నాడు. "నేను చేసింది తప్పు... నేను చేసింది తప్పు..." ఆయనా లొంగిపోతున్నాడనుకున్నాను. నేనూ ఆ వారమే లొంగిపోయాను. వచ్చే మొదటి ఆదివారం నిలబడతానని అయ్యగారికి చెప్పేశాను. ఏం చెప్పాలో ఆయనే నేర్పించాడు. "చదువు లేనిదాన్ని, తెలియక చేశాను, క్షమించండి, అంతే చాలమ్మా."

కమిటీ ఆయన ఎర్రగా, లావుగా, మర్యాదగా ఉన్నాడు. టీ ఇచ్చాను. బల్ల మీద టేపు రికార్డరు పెట్టి మీట నొక్కాడు. చక్రాలు తిరగడం మొదలుపెట్టాయి. ఆర్చీ ఆ చక్రాల వైపే చూస్తూ టై ముడి సవరించుకున్నాడు.

"డాడ్, మాటలేగా," అంది జీన్.

"ఉత్త మాటలే అయితే వాళ్ళకెందుకు?" అన్నాడు ఆర్చీ.

కమిటీ ఆయన ముందుకి వంగి, చంటిపిల్లాడికి చెప్పినట్టు చెప్పాడు. "మీరు కుర్రాడు. గనిలోంచి వచ్చినవారు. ఏం చేస్తున్నారో మీకు తెలియదు. అది చెప్పండి చాలు, అందరూ అర్థం చేసుకుంటారు."

ఆ మాట అనకుండా ఉండుంటే ఆర్చీ చెప్పేసేవాడేమో. ఆ మాట విన్నాక కుర్చీ చేతులు పట్టుకుని, ఆ మోకాళ్ళ మీద, ఎవరి సాయమూ లేకుండా లేచి నిలబడ్డాడు.

"నాకు తెలుసు," అన్నాడు. "ఆ వయసులో నాకు ఇంకేమీ తెలియకపోవచ్చు, అదొక్కటి తెలుసు. ఆలోచించుకునే ఓడ ఎక్కాను. మళ్ళీ ఆ రోజు వస్తే మళ్ళీ ఎక్కుతాను. నేను మంచి హాఫ్‌బ్యాక్‌ని. మీకు టేపు మీద ఏదో ఒకటి కావాలంటే అది పట్టుకెళ్ళండి."

"మిస్టర్ ఆర్చీ, మరి ఫోటో..."

"ఆ కాగితం కింద నా మొహం ఎక్కడికీ పోలేదు. టీ చల్లారిపోతోంది, తాగండి."

కమిటీ ఆయన మీట నొక్కి ఆపేశాడు. జీన్ వంటింట్లోకి పోయి ఏడ్చింది. రెండు రోజులు తండ్రితో మాట్లాడలేదు. ఆర్చీకీ సంతోషమేమీ లేదు. సాయంత్రం దాకా టై విప్పకుండా కూర్చుని ఉన్నాడు. మొహం మీది కాగితం తీయించుకోవాలని ఆయనకి ఎంత ఉందో పొద్దున అద్దం ముందు విన్నది నేను. కావలసినదాన్ని కాదనుకోవడానికి మూల్యం ఉంటుంది, దాన్ని ఆ సాయంత్రం చూశాను. ఇదీ జరిగింది. పశ్చాత్తాపం లేదు, అడగడం లేదు, క్షమించడం లేదు. గోడ మీద ఇంకేం రాసుకున్నా అది వాళ్ళ రాత, ఆయన మాట కాదు.

మొదటి ఆదివారం వచ్చింది. ఆరాధన మధ్యలో అయ్యగారు నా వైపు చూసి తల ఊపాడు. నేను నిలబడలేదు. ఆయన ఇంకో పాట ఎత్తుకున్నాడు. డాక్టరమ్మగారు వెనక్కి తిరిగి చూసింది. బల్ల దగ్గరికి అందరూ లేచినప్పుడు నేనూ లేచి వరసలో నిలబడ్డాను. నా వంతు వచ్చేసరికి అయ్యగారు రొట్టె పళ్ళెం వెనక్కి లాక్కున్నాడు.

"సువార్తమ్మా, ఒప్పుకున్నావు కదా," అన్నాడు గుసగుసగా. "తెలియక చేశానని ఒక్క మాట..."

"తెలిసే చేశాను అయ్యగారూ," అన్నాను. గుసగుసగా అనలేదు. "చదువు రానిదాన్నే, తెలివి లేనిదాన్ని కాను. దేవుడితో చెప్పుకోవలసినవి దేవుడితో చెప్పుకున్నాను. ఈ డాక్టరమ్మగారితో చెప్పుకోవలసింది ఏమీ లేదు." అని చెయ్యి చాపాను.

నా వెనక వరస ఆగిపోయింది. చాపిన చెయ్యి చాపినట్టే ఉంచాను. రొట్టె పెట్టకపోతే ఆ చెయ్యి దించేది లేదనుకున్నాను. అయ్యగారు పళ్ళెం వైపు చూశాడు, నా వైపు చూశాడు, నా వెనక రెండో మనిషిగా నిలబడ్డ డాక్టరమ్మగారి వైపు చూశాడు. ఆవిడే పళ్ళు బిగించి అంది. "ఇచ్చెయ్యండి అయ్యగారూ, ఎంతసేపు నిలబడతాం!"

ఇచ్చాడు. తిన్నాను. ఆవిడ నన్ను క్షమించలేదు, నేను అడగలేదు. ఆవిడ పోయేదాకా ప్రతి నెలా ఇద్దరం ఆ బల్ల దగ్గరే తిన్నాం.